సరస్సు కనబడాలంటే బస్సు ఆగాలి

స్విట్జర్లాండ్‌లోని లూసర్న్ నుంచి ఇటలీ వైపు బయల్దేరిన టూరు బస్సు ఊరు దాటిన కాసేపటికే ఒక సొరంగంలోకి దూరుతుంది. పేరు సీలిస్‌బర్గ్. పొడవు 9 కిలోమీటర్ల పైచిలుకు, తెరిచింది 1980లో. బస్సు అందులో ఉన్న ఏడెనిమిది నిమిషాలూ కిటికీలో కనబడేది గోడకు బిగించిన దీపాల వరస ఒక్కటే. సరిగ్గా ఆ సమయంలోనే, కొండకు అటుపక్కన, లూసర్న్ సరస్సు మొత్తంలోకీ గంభీరమైన పాయ ఉంటుంది. దాన్ని ఊర్నర్‌సే అంటారు. ఒడ్డన్నదే లేకుండా కొండలు రెండువైపులా నిలువునా నీళ్ళలోకి దిగిపోయే చోటు అది. ఆ రోజు కార్యక్రమంలో మాత్రం సరస్సుల అందాలు చూసుకుంటూ ఇటలీకి ప్రయాణం అని రాసి ఉంటుంది. బస్సు సరస్సు పక్కనుంచే వెళ్ళింది, అందులో అబద్ధమేమీ లేదు. కానీ నలభై మందిలో ఒక్కరి కంటా అది పడలేదు.

గైడుతో, గుంపుతో బస్సులో వెళ్ళే టూర్లను చిన్నచూపు చూసేవాళ్ళతో నాకు పేచీ ఉంది. ఎండాకాలం సెలవుల్లో మన రెండు రాష్ట్రాల నుంచి యూరప్ వెళ్ళే కుటుంబాల్లో మోకాళ్ళ నొప్పులున్న అమ్మానాన్నలుంటారు, రోజుకు ఒక్కపూటైనా అన్నం లేకపోతే నీరసపడేవాళ్ళుంటారు, భాష రాని దేశంలో రైళ్ళు మారడమంటే బెదిరేవాళ్ళుంటారు. పెట్టెలు మోసే బాధ లేకుండా, పప్పన్నం దొరికేలా, ఎక్కిన సీటు తమదేనన్న ధీమాతో తిరగడం వాళ్ళకు చాలా పెద్ద సాయం. దాన్ని తక్కువచేసి మాట్లాడకూడదు. నేను వాదించేది ఇంకో సంగతి. సరస్సుల టూరు మంచిదా కాదా అన్నది అది ఎన్ని ఊళ్ళు తిప్పుతుందన్న దాన్ని బట్టి తేలదు. బస్సు ఎన్ని గంటలు ఆగి ఉంటుంది, ఎన్ని రాత్రులు నీటి పక్కన పడుకోనిస్తుంది అన్న రెండు లెక్కలతోనే తేలుతుంది. కోటలనో చర్చిలనో చూసే టూరుకు ఈ కొలత ఇంత కచ్చితంగా వర్తించదు. గుడి పదింటికి ఎలా ఉంటుందో నాలుగింటికీ అలాగే ఉంటుంది. సరస్సు అలా కాదు.

ముందు సొరంగాల సంగతే పూర్తిగా చూద్దాం, ఎందుకంటే బ్రోచర్లలో ఎక్కడా రాయరు. ఆల్ప్స్ సరస్సుల ఒడ్డున చదునైన నేల సన్నటి పట్టీలా ఉంటుంది. ఊళ్ళు, పాత రోడ్డు, రైలు పట్టాలు ఆ పట్టీని ఎప్పుడో ఆక్రమించాయి. హైవే వేయాల్సి వచ్చినప్పుడు కొండను తొలవడం తప్ప దారి లేకపోయింది. అందుకే రోడ్డు ఎంత మంచిదైతే సరస్సు అంత తక్కువ కనబడుతుంది. ఇంటర్‌లాకెన్ నుంచి బ్రియెంజ్ సరస్సు దక్షిణపు ఒడ్డు వెంట వెళ్ళే ఏ8 రోడ్డు మీద గీస్‌బాక్ సొరంగం 3 కిలోమీటర్లకు పైన. బ్రూనిగ్ కనుమ దాటి దిగాక లుంగెర్న్ దగ్గర మూడున్నర కిలోమీటర్ల సొరంగం, ఆ తర్వాత జార్నెన్ సరస్సు పక్కన జాక్సెల్న్ సొరంగం 5 కిలోమీటర్ల పైన. ఇటలీలో కోమో సరస్సు తూర్పు ఒడ్డున లెక్కో నుంచి కోలికో దాకా పోయే ఎస్ఎస్36 రోడ్డు చాలా భాగం కొండ కడుపులోనే నడుస్తుంది. మ్యాపులో నీలిరంగు పక్కనే గీత కనబడుతుంది కాబట్టి దారంతా నీళ్ళే చూస్తామని అనుకుంటాం. నిజానికి మధ్యమధ్య అరనిమిషం, నిమిషం చొప్పున తళుక్కుమని మాయమవుతాయి.

ఆ కాస్తయినా దక్కాలంటే ఏ వైపు కూర్చోవాలో తెలిసి ఉండాలి. టూర్లలో సీట్లు రోజూ మారుస్తారు కాబట్టి ఇది ముందే చూసుకోవచ్చు. ఇంటర్‌లాకెన్ నుంచి లూసర్న్ వెళ్ళేటప్పుడు బ్రియెంజ్, లుంగెర్న్, జార్నెన్ సరస్సులు మూడూ ఎడమవైపు వస్తాయి. జార్నెన్ ఊరు దాటి ఆల్ప్‌నాక్ చేరాక నీళ్ళు కుడివైపుకు మారతాయి, లూసర్న్ దాకా అటే. తిరుగు ప్రయాణంలో ఇదంతా తలకిందులు. జెనీవా నుంచి మోంత్రో వెళ్తుంటే సరస్సు కుడివైపు. మోంత్రో నుంచి లొజాన్ వైపు వస్తుంటే ఎడమవైపు, పైగా ఆ దారి కొండవాలు మీద ఎత్తున ఉంటుంది కాబట్టి లావో ద్రాక్షతోటల అంచెలు, కింద నీళ్ళు, అవతల ఫ్రాన్సు కొండలు ఒక్క చూపులో అందుతాయి. 2007లో యునెస్కో గుర్తించిన తోటలవి. రోడ్డు మీంచి చూడదగ్గ సరస్సు ఏదంటే నేను దీన్నే చెబుతాను. అక్కడ డ్రైవర్‌ను కాస్త నెమ్మదిగా పోనివ్వమని అడగడంలో తప్పులేదు.

ఇక డ్రైవర్ పనిగంటలు. యూరప్ దేశాల్లో, స్విట్జర్లాండ్‌తో సహా, బస్సు నడిపే మనిషి రోజుకు 9 గంటలు మాత్రమే నడపాలి. వారంలో రెండు రోజులు 10 గంటల దాకా వెసులుబాటు ఉంది. ఏకబిగిన నాలుగున్నర గంటలు నడిపితే 45 నిమిషాలు ఆపి తీరాలి. దాన్ని ముందు 15, తర్వాత 30 నిమిషాలుగా విడదీసుకోవచ్చు. రోజుకు 11 గంటల విశ్రాంతి తప్పనిసరి, రెండు వారపు విశ్రాంతుల మధ్య మూడుసార్లు దాన్ని 9 గంటలకు తగ్గించుకోవచ్చు. ఇవన్నీ బస్సులో ఉండే టాకోగ్రాఫ్ అనే యంత్రంలో నిమిషాలతో సహా నమోదవుతాయి. దారిలో ఏ పోలీసు ఆపినా ఆ రికార్డు తీసి చూస్తాడు, తేడా వస్తే జరిమానా.

ఇది డ్రైవర్‌కు సంబంధించిన గొడవ, మనకెందుకు అనిపిస్తుంది. కానీ రోజు కార్యక్రమమంతా దీని మీదే నిలబడి ఉంటుంది. ఉదయం 8కి బస్సు కదిలితే, 11 గంటల విశ్రాంతి పోను డ్రైవర్ రాత్రి 9 లోపు హోటల్ దగ్గర బస్సు ఆపేయాలి. రాత్రి దీపాల్లో సరస్సు చూసి పదిన్నరకు తిరిగొస్తే మర్నాడు తొమ్మిదిన్నరకు గానీ బస్సు కదలదు, లేదా ఆ వారానికి ఉన్న మూడు వెసులుబాట్లలో ఒకటి ఖర్చయిపోతుంది. పొద్దున బ్రేక్‌ఫాస్ట్ దగ్గర ఒక కుటుంబం ఇరవై నిమిషాలు ఆలస్యం చేస్తే ఆ ఇరవై నిమిషాలు దారిలో వేగం పెంచి పూడ్చలేరు, స్విస్ హైవేల మీద బస్సుకు గంటకు 100 కిలోమీటర్లే పరిమితి. కాబట్టి ఎక్కడో ఒకచోట కోత పడుతుంది. ఆ కోత ఎప్పుడూ టికెట్ కొన్న చోట పడదు, డబ్బు కట్టని చోటే పడుతుంది. డబ్బు కట్టకుండా దొరికేది సరస్సు ఒడ్డే. అందుకే ఇరవై నిమిషాల ఆలస్యానికి పోయేది సాధారణంగా నీటి పక్కన ఉండాల్సిన ఇరవై నిమిషాలే.

గొత్తార్డ్ గురించి వేరుగా చెప్పాలి. స్విట్జర్లాండ్‌కూ ఇటలీ సరస్సులకూ మధ్య ఉన్న ఈ రోడ్డు సొరంగం దాదాపు 17 కిలోమీటర్లు, ఇదీ 1980దే. అటొక లేను, ఇటొక లేను, అంతే. రెండో సొరంగం తవ్వుతున్నారు. ఈస్టర్ సెలవుల్లో, మే నెల పండగల్లో, జులై శనివారాల్లో ఈ సొరంగం ముందు వాహనాలు 10 కిలోమీటర్లు, ఒక్కోసారి అంతకుమించి బారులు తీరతాయి. కిలోమీటరు బారుకు సుమారు పది నిమిషాలు లెక్క వేస్తారు. అంటే 10 కిలోమీటర్ల బారు గంటన్నర పైన తింటుంది. ఆ బారులో అంగుళం అంగుళం జరిపినదీ డ్రైవింగ్ కిందే లెక్క. లూసర్న్ నుంచి కోమో సుమారు 200 కిలోమీటర్లు, ఖాళీ రోజున మూడు గంటల్లోపు చేరాల్సిన దూరం, అలాంటి రోజుల్లో అయిదు గంటలవుతుంది. మన పిల్లల సెలవులు సరిగ్గా మే, జూన్లలో కాబట్టి ఇది మనకు నేరుగా తగిలే విషయం. టూరు తేదీలు ఎంచుకునేటప్పుడు గొత్తార్డ్ దాటే రోజు శనివారం పడుతుందా అని క్యాలెండర్ తీసి చూడండి. పడితే ఒకటి రెండు రోజులు అటో ఇటో బయల్దేరే బృందంలో చేరడం మంచిది.

మే నెలకు సంబంధించి ఇంకొకటి. ఫుర్కా, గ్రిమ్సెల్, జుస్టెన్ లాంటి ఎత్తయిన కనుమలు చలికాలమంతా మూసి, మంచు తొలిచాక మే చివరిలోనో జూన్‌లోనో తెరుస్తారు. మే మొదటివారపు టూరులో ఈ కనుమల మీదుగా అని రాసి ఉంటే, దానికి బదులు ఏ దారిన తీసుకెళ్తారని అడగండి. జవాబు దాదాపు ఎప్పుడూ ఒక సొరంగమే.

బ్రోచర్ భాషను చదవడం నేర్చుకోవాలి. ‘ఫోటో స్టాప్’ అంటే దిగి, ఫోటో తీసుకుని, ఎక్కడం. పది, పదిహేను నిమిషాలు. ‘డ్రైవ్ పాస్ట్’ అంటే దిగరు. ‘ఓరియెంటేషన్ టూర్’ అంటే బస్సు కిటికీలోంచి గైడు చెయ్యి చూపిస్తాడు, లేదా కాస్త దూరం నడిపిస్తాడు, లోపలికి వెళ్ళడం ఉండదు. ‘విజిట్’ అని ఉండి పక్కన ఎంట్రీ టికెట్ ఉందని విడిగా రాయకపోతే బయటినుంచే చూడటం. ‘ఆప్షనల్’ అంటే అక్కడికి వెళ్ళాక మళ్ళీ ఫ్రాంకుల్లో కట్టాలి. కట్టనివాళ్ళు ఆ రెండు గంటలూ పార్కింగ్ దగ్గర కూర్చోవాలి. ఇక హోటల్ పేరు పక్కన ‘ఆర్ సిమిలర్’ అని ఉంటే, నాకు తెలిసినంతలో మొత్తం కాగితంలో దీనంత ముఖ్యమైన మాట ఇంకోటి లేదు. లూసర్న్ ఒడ్డున నలభై మందికి ఇరవై గదులు చాలా ఖరీదు. అందుకని రాత్రి బసను 35 కిలోమీటర్ల దూరంలోని ఎంగెల్‌బర్గ్‌లోనో, జ్యూరిక్ విమానాశ్రయం చుట్టుపక్కలో, ఇటలీ రోజులైతే మిలాన్ శివార్లలోనో పెడతారు. కాగితం మీద లూసర్న్‌లో రెండు రాత్రులు అని ఉంటుంది, నీళ్ళు మాత్రం ఒక్క రాత్రీ కనబడవు.

నీటి పక్కన రాత్రి ఎందుకంత ముఖ్యమో కోమో సరస్సు గాలులే చెబుతాయి. తెల్లవారుజామున ఉత్తరం నుంచి తివానో అనే గాలి వీస్తుంది, పొద్దెక్కేసరికి తగ్గుతుంది. మధ్యాహ్నం అవుతూనే దక్షిణం నుంచి బ్రేవా మొదలై సాయంత్రం దాకా సాగుతుంది. పగలు ఎండకు కొండవాలులు వేడెక్కి గాలిని పైకి లాగడం, రాత్రి చల్లబడి కిందికి వదలడం, దీనికి కారణం ఇదే. గార్డా సరస్సు మీదా ఇలాంటి జంటే ఉంది, పొద్దుట పెలేర్, మధ్యాహ్నం ఓరా. ఈ రెండు గాలుల మధ్య సందులో నీళ్ళు కదలకుండా పడుకుంటాయి. కొండా ఇళ్ళూ తలకిందులుగా అందులో నిలుస్తాయి. మనం పోస్టర్లలో చూసి ముచ్చటపడే అద్దంలాంటి సరస్సు ఆ వేళదే. టూరు బస్సు అక్కడికి చేరేది పదకొండూ పన్నెండు మధ్య, బ్రేవా లేచే సమయానికి. నీళ్ళు అలలు కొడుతూ తెల్లగా మెరుస్తుంటాయి, ఎండ నడినెత్తిన ఉంటుంది, చూసినవాళ్ళు ఇదేనా అనుకుంటారు. తప్పు సరస్సుది కాదు, వేళది. ఒడ్డున ఒక్క రాత్రి పడుకుని, పొద్దెక్కి తివానో తగ్గే వేళకు నడిస్తే, పైసా ఖర్చు లేకుండా ఆ దృశ్యం దొరుకుతుంది.

బ్రియెంజ్, థూన్ సరస్సుల రంగు కూడా కాసేపు ఆగి చూడాల్సిందే. రెంటి మధ్యా ఇంటర్‌లాకెన్ ఊరుంది, ఆరే నది రెంటినీ కలుపుతుంది. హిమానీనదాలు కొండరాళ్ళను రుద్దుకుంటూ కదిలినప్పుడు పిండిలాంటి రాతిపొడి పుడుతుంది. మంచు కరిగిన నీళ్ళతో అది బ్రియెంజ్‌లోకి కొట్టుకొస్తుంది. అంత సన్నటి పొడి కిందికి దిగకుండా నీళ్ళలో తేలుతూ వెలుతురును చెదరగొడుతుంది కాబట్టి ఆ సరస్సు పాలు కలిపిన పచ్చనీలంలా ఉంటుంది. ఎండలు ముదిరి మంచు ఎక్కువగా కరిగేకొద్దీ ఈ రంగు చిక్కబడుతుంది. పొడిలో ఎక్కువ భాగం బ్రియెంజ్‌లోనే అడుగుకు చేరిపోవడంతో థూన్‌కు తేటనీరు అందుతుంది, అది ముదురునీలంగా కనబడుతుంది. నాలుగైదు కిలోమీటర్ల దూరంలో ఉన్న రెండు సరస్సులు రెండు రంగుల్లో ఉండటానికి కారణం ఇది. ఏ గైడైనా రెండు నిమిషాల్లో చెప్పగల సంగతి. కానీ రెండు ఒడ్లకూ తీసుకెళ్తేనే దానికి అర్థం. చాలా టూర్లలో ఇంటర్‌లాకెన్ అంటే ప్రధాన వీధిలోని దుకాణాలూ, ఒక పచ్చిక మైదానమూ, మళ్ళీ బస్సు. రెండు సరస్సుల మధ్య ఉన్న ఊరికి వెళ్ళి, రెంటిలో ఒక్కదానినీ చూడకుండా వచ్చేస్తారు.

లూసర్న్‌లో సాధారణంగా జరిగేది లెక్క వేసి చూపిస్తాను. బస్సు ఊరి నడిబొడ్డున, ష్వానెన్‌ప్లాట్జ్ దగ్గర, గడియారాల దుకాణాల ముందు దించుతుంది. గంటన్నర సమయం ఇచ్చారనుకుందాం. నలభై మంది దిగడానికి, పెద్దవాళ్ళు మెట్లు దిగి కాళ్ళు సాచుకోవడానికి, మళ్ళీ కలిసే చోటు చెప్పడానికి పది నిమిషాలు. బాత్రూముల దగ్గర వరసకు పదిహేను. ఎక్కేముందు తలలు లెక్కపెట్టడానికి పది. మిగిలింది 55 నిమిషాలు. ఆ 55 నిమిషాల్లో దుకాణం, చెక్కవంతెన, సింహం శిల్పం మూడూ పెడితే ఏదీ నిలవదు. చాపెల్ అనే ఆ చెక్కవంతెన బస్సు దించిన చౌరస్తా నుంచి అయిదు నిమిషాల నడక. పద్నాలుగో శతాబ్దపు కట్టడం, 1993 ఆగస్టులో కాలిపోయి మళ్ళీ కట్టుకున్నది. దుకాణం మానుకుని వంతెన ఒక్కటీ అటు నుంచి ఇటు నడిచి, నీటిగోపురం పక్కన ఆగి, ర్యూస్ నది సరస్సులోంచి బయటపడే చోట నీటి జోరు చూసి రావడానికి 55 నిమిషాలు హాయిగా సరిపోతాయి. అదే రెండున్నర గంటలు ఇచ్చే టూరైతే సీబ్రూకె వంతెన దాటి స్టేషన్ ముందున్న పడవల రేవుకు వెళ్ళవచ్చు. అక్కడ గంటసేపు తిప్పి తెచ్చే పడవలుంటాయి. అయిదు పాత ఆవిరి ఓడలు కూడా ఈ సరస్సు మీద ఇంకా తిరుగుతున్నాయి, వాటిలో ‘ఊరి’ అనే ఓడ 1901 నాటిది. దాని డెక్కు మధ్యలో నిలబడి కిందికి చూస్తే ఇంజను కడ్డీలు నూనె మెరుపుతో ఆడుతూ కనబడతాయి. పిల్లలు అక్కడినుంచి కదలరు.

ఆస్ట్రియాలోని హాల్‌స్టాట్ ఊరు ఈ వాదనను చట్టం చేసేసింది. సరస్సు ఒడ్డున ఎనిమిది వందల లోపు జనమున్న చిన్న ఊరు. బస్సులు బారులు తీరి, దిగినవాళ్ళు ఫోటోలు తీసుకుని వెళ్ళిపోతుంటే తట్టుకోలేక 2020 నుంచి బస్సులకు ముందస్తు స్లాట్ పెట్టింది. స్లాట్ తీసుకున్న బస్సు కనీసం రెండున్నర గంటలు ఆగాలి. ఊరివాళ్ళు తమ బాగు కోసం పెట్టుకున్న నిబంధన ఇది, లాభపడింది మాత్రం వచ్చినవాళ్ళు కూడా. బ్రియెంజ్ ఒడ్డున ఇజెల్ట్‌వాల్డ్‌లో, ఒక కొరియన్ సీరియల్లో కనబడ్డ చిన్న చెక్కరేవు మీద నిలబడి ఫోటో తీసుకోవడానికి జనం ఎగబడటంతో, అక్కడ గేటు పెట్టి 5 ఫ్రాంకులు వసూలు చేస్తున్నారు. పది నిమిషాల ఫోటో స్టాప్ ఎవరికీ మేలు చేయదని నీటి పక్కన బతికేవాళ్ళకు మనకంటే ముందే తెలిసింది.

కోమో దగ్గర బస్సు వల్ల ఇంకో ఇబ్బంది ఉంది. పడమటి ఒడ్డు వెంట పోయే పాత రెజీనా రోడ్డు ఊళ్ళ మధ్య గోడలను రాసుకుంటూ పోతుంది. ఎదురుగా ఇంకో బస్సు వస్తే ఒకరు వెనక్కి తీయాలి. బెల్లాజియో చూపించే టూర్లు రెండు రకాలు. ఒకటి, బస్సును ఈ రోడ్డు మీద మెనాజియో, కాడెనాబియా వైపు తీసుకెళ్ళి, అక్కడినుంచి పావుగంట ఫెర్రీ ఎక్కించడం. రెండోది, కోమో ఊర్లోనే బస్సు ఆపి, అక్కడే పడవ ఎక్కించడం. మామూలు పడవ బెల్లాజియోకు సుమారు రెండు గంటలు తీసుకుంటుంది, వేగంగా పోయేది ముప్పావుగంట. నేనైతే రెండు గంటల పడవ ఉన్న టూరే మేలంటాను. ఒడ్డు ఒడ్డుకూ ఆగుతూ, ఆ ఇళ్ళూ తోటలూ కట్టినవాళ్ళు ఏ వైపు నుంచి చూడాలని కట్టారో ఆ వైపు నుంచే చూపిస్తుంది. ఆ భవనాల ముఖాలు నీటివైపుకు ఉంటాయి. రోడ్డు మీంచి కనబడేవి పెరటి గోడలు.

కొండ ఎక్కే విషయంలోనూ నాకు ఒక గట్టి అభిప్రాయం ఉంది. మన బృందాలను టిట్లిస్‌కు తీసుకెళ్తారు, పై స్టేషన్ 3,020 మీటర్లు, తిరిగే కేబుల్ కారు, మంచు. లేదా 3,454 మీటర్ల యుంగ్‌ఫ్రౌయోక్. మంచు చూడని పిల్లలకు అది కావాల్సిందే. కానీ సరస్సుల కోసం వెళ్ళినవాళ్ళు ఎక్కాల్సిన కొండ రిగి, 1,797 మీటర్లు. ఫిట్జ్‌నావ్ రేవు నుంచి పళ్ళచక్రాల రైలు నేరుగా పైకి పోతుంది, 1871లో మొదలైనది, యూరప్‌లో కొండెక్కే మొట్టమొదటి పళ్ళరైలు. పైనుంచి లూసర్న్, జూగ్ సరస్సులు కాళ్ళ కింద పరుచుకుంటాయి. ఎత్తు తక్కువ కాబట్టి బీపీ, ఆయాసం ఉన్న పెద్దవాళ్ళకూ తేలిక. లూసర్న్ దాదాపు 435 మీటర్ల ఎత్తున ఉంది. అక్కడి నుంచి రెండు మూడు గంటల్లో 3,000 మీటర్ల పైకి వెళ్తే తలనొప్పి, కళ్ళు తిరగడం మామూలే. గుండెజబ్బు ఉన్నవాళ్ళు బయల్దేరే ముందే డాక్టర్ను అడగాలి. పైన మెట్లు నెమ్మదిగా ఎక్కాలి, నీళ్ళు తాగుతుండాలి.

ఏ కొండకైనా టికెట్ తీసుకునే ముందు, పైన పెట్టిన కెమెరా దృశ్యం కింద స్టేషన్లో తెరమీద చూపిస్తారు, ఫోన్లోనూ చూడవచ్చు. తెర నిండా తెల్లగా ఉంటే పైన మబ్బే. ఒకే ఊర్లో రెండు మూడు రాత్రులుండే టూరులో ఇవాళ్టి కొండను రేపటికి మార్చి, రేపటి పడవను ఇవాళ్టికి తేవచ్చు. రోజుకో ఊరు మారే టూరులో అది కుదరదు. మబ్బులోకి వెళ్ళి మబ్బులోంచి తిరిగి రావాలి.

వాతావరణం గురించి స్విస్ సరస్సుల ఒడ్డున ఒక మంచి ఏర్పాటుంది. అక్కడక్కడా స్తంభాల మీద నారింజరంగు దీపాలు కనబడతాయి. నిమిషానికి 40 సార్లు వెలిగి ఆరుతుంటే బలమైన గాలి రావచ్చని హెచ్చరిక. నిమిషానికి 90 సార్లయితే తుఫాను గాలి, చిన్న పడవలు వెంటనే ఒడ్డు చేరాలి. ఊర్నర్‌సే మీద ఫ్యోన్ అనే వెచ్చటి దక్షిణపు గాలి విరుచుకుపడ్డప్పుడు పెద్ద పడవలు కూడా ఆపేస్తారు. ఆ దీపం వేగంగా కొట్టుకుంటుంటే పెడల్ బోటు అద్దెకు తీసుకోవద్దు.

సామాన్ల గురించి క్లుప్తంగా. వెంట నెయ్యి డబ్బా, పాలకోవా, మామిడిపళ్ళు, కరివేపాకు రెమ్మలు పెట్టుకోకండి. బయటి దేశాల నుంచి పాలపదార్థాలు, మాంసం, సర్టిఫికెట్ లేని పళ్ళూ ఆకులూ యూరోపియన్ యూనియన్‌లోకీ స్విట్జర్లాండ్‌లోకీ రానివ్వరు. కందిపొడి, ఆవకాయ ఇబ్బంది లేదు, నూనె కారకుండా చెక్-ఇన్ పెట్టెలో పెట్టాలి. పెరుగు లేనిదే ముద్ద దిగనివాళ్ళు దుకాణంలో ‘నేచర్’ అని రాసిన యోగర్ట్ డబ్బా తీసుకోవాలి, మిగతావన్నీ తియ్యనివీ పళ్ళు కలిపినవీ. ఆదివారం స్విస్ దుకాణాలు మూసేస్తారు, పెద్ద రైల్వే స్టేషన్లలోనివి తెరిచే ఉంటాయి. వీధుల్లోని రాతి తొట్ల కుళాయి నీళ్ళు తాగొచ్చు, తాగకూడదని బోర్డు ఉంటే తప్ప. ప్లగ్గు విషయంలో చాలామంది మోసపోతారు. యూరప్ అడాప్టర్లలో లావుగా గుండ్రంగా ఉండేది స్విస్ సాకెట్ గుంటలో దూరదు, సన్నటి రెండు పిన్నులదే పడుతుంది. హోటల్ గదిలో రైస్ కుక్కర్ పెట్టొద్దు. ఆవిరికి అలారం మోగి అగ్నిమాపకదళం వస్తే ఆ ఖర్చు గది మీదే రాస్తారు. బస్సులో టాయిలెట్ ఉన్నా సాధారణంగా తాళం వేసి ఉంచుతారు, కాబట్టి దారి పక్కన ఆగినప్పుడు వాడటానికి యూరోల చిల్లర, ఫ్రాంకుల చిల్లర రెండూ జేబులో ఉండాలి.

వీసాకు ఒక్క మాట. ఎక్కువ రాత్రులు ఏ దేశంలో ఉంటామో ఆ దేశానికే షెంగెన్ వీసా, అంటే ఒక్కదానితో చాలా యూరప్ దేశాలు తిరగనిచ్చే వీసా, అడగాలి. స్విట్జర్లాండ్ యూరోపియన్ యూనియన్‌లో లేకపోయినా షెంగెన్‌లో ఉంది. కనీసం 30,000 యూరోల వైద్యబీమా కావాలి. టూరు ధరతోపాటు కంపెనీ ముందుగానే వసూలుచేసే పన్ను, టీసీఎస్ మొత్తాన్ని ఆదాయపు పన్ను రిటర్నులో చూపించి సర్దుబాటు చేసుకోవచ్చు, సర్టిఫికెట్ అడిగి తీసుకోండి.

అడ్వాన్సు కట్టేముందు టూరు ఆఫీసులో అడగాల్సినవి ఇవీ. హోటళ్ళ పేర్లు కాకపోయినా, ఏ ఊళ్ళో, రేవుకు ఎన్ని కిలోమీటర్ల దూరంలో ఉంటాయో రాతపూర్వకంగా ఇవ్వమనండి. టూరు మొత్తంలో పడవ మీద ఎన్ని గంటలు, అందులో ఎన్ని ధరలో కలిసినవి, ఎన్ని ఆప్షనల్ అని అడగండి. ఒక్కరోజులో 400 కిలోమీటర్లు దాటే రోజులెన్నో లెక్కపెట్టండి. పారిస్ నుంచి లూసర్న్ సుమారు ఆరు వందల కిలోమీటర్లు, విరామాలతో కలిపి పది పదకొండు గంటలు. ఆ రోజు సాయంత్రం సరస్సు విహారం అని రాసి ఉంటే నమ్మకండి. తొమ్మిది రోజుల్లో అయిదు దేశాల కంటే, అదే డబ్బుకు రెండు దేశాల్లో మూడేసి రాత్రుల చొప్పున ఉండే టూరు దొరికితే తీసుకోండి. మూడు రాత్రులుండే ఊర్లో ఒక రోజు బస్సు కదలదు, డ్రైవర్‌కూ విశ్రాంతి. ఆ రోజు స్విస్ ట్రావెల్ పాస్ ఉంటే రైళ్ళూ పడవలూ అందులోనే వచ్చేస్తాయి, రిగి రైలుతో సహా.

టికెట్లు ఇప్పటికే కొనేశారు, కార్యక్రమం మారదు అనుకునేవాళ్ళకు కూడా ఒక దారి ఉంది. లూసర్న్ నుంచి ఇటలీకి వెళ్ళేటప్పుడు సీలిస్‌బర్గ్ సొరంగం తప్పనిసరి కాదు. బ్రునెన్ మీదుగా వెళ్ళి, అక్కడినుంచి ఫ్లూలెన్ దాకా ఊర్నర్‌సే తూర్పు ఒడ్డునే పోయే ఆక్సెన్‌స్ట్రాసె అనే పాత రోడ్డు ఉంది. పదకొండు పన్నెండు కిలోమీటర్లు, మధ్యలో చిన్న చిన్న సొరంగాలున్నా నీళ్ళు పక్కనే. ఆ తర్వాత మళ్ళీ గొత్తార్డ్ హైవేలోనే కలుస్తుంది. కాస్త సమయం ఎక్కువ పడుతుంది, రాళ్ళు జారే రోజుల్లో మూసేస్తారు. టూర్ మేనేజర్ను అడగాల్సింది బస్సెక్కాక కాదు, ముందురోజు రాత్రి భోజనాల దగ్గర, డ్రైవర్ పక్కనుండగా. మర్నాటి గంటల లెక్క ఆయన అప్పుడే వేసుకుంటాడు, లూసర్న్ దాటగానే సొరంగం వైపు పోయే ఏ2 ఎక్కాలా, బ్రునెన్ వైపు పోయే ఏ14 ఎక్కాలా అన్నది అప్పుడే తేలిపోతుంది. ఒప్పుకుంటే మాత్రం పొద్దున్నే పెద్దవాళ్ళను కుడివైపు కిటికీల దగ్గర కూర్చోబెట్టండి.